అత్తయ్యకి చెప్పిన ఆపెరా

ఆదివారం రాత్రి, టార్నీట్‌లో మా ఇల్లు. అందరూ పడుకున్నారు.

మధ్యాహ్నం టీవీలో ఒక ఇటాలియన్ ఆపెరా వచ్చింది. మాటలన్నీ పాటలుగా పాడే నాటకం. నవ్వుల కథ, కింద ఇంగ్లిష్ సబ్‌టైటిల్స్. అత్తయ్యకి ఇంగ్లిష్ రాదు కాబట్టి పక్కన కూర్చుని నేనే తెలుగులో చెబుతూ వచ్చాను. ఎదుటి సోఫాలో ఆవిడ కొడుకు, మా ఆయన.

"ఈ దొర వేటకెళ్తున్నానని పెళ్ళాంతో చెప్పి, బట్టలు కుట్టే అమ్మాయి ఇంటికి వెళ్తాడు అత్తయ్యా."

అత్తయ్య పడీ పడీ నవ్వారు. ఆయన నవ్వలేదు. నెలనెలా సిడ్నీ ఎందుకు వెళ్తాడో నాకు తెలుసని ఆయనకీ తెలుసు.

"పెళ్ళానికి తెలీదా, పాపం?"

"తెలుసు."

"తెలిసీ ఊరుకుందా?"

"పిల్లలున్నారు కదా అత్తయ్యా."

ఆ మాట సబ్‌టైటిల్స్‌లో లేదు. ఆ దొరకి అసలు పిల్లలే లేరు.

"ఆఫీస్ కాల్ ఉంది, ఫైవ్ మినిట్స్‌లో వస్తా" అని ఆయన ఫోన్ తీసుకుని బ్యాక్‌యార్డ్‌లోకి వెళ్ళిపోయాడు. ఆదివారం పూట ఆఫీస్ కాల్. అత్తయ్య కాసేపు అటే చూశారు. తర్వాత ఇక నవ్వలేదు.

చివర్లో దొర పెళ్ళాం కాళ్ళ దగ్గర కూలబడ్డాడు. అత్తయ్య టీవీ వైపు కాకుండా నా వైపు చూస్తూ, "క్షమించిందా అమ్మా?" అని నెమ్మదిగా అడిగారు.

"ఇంకా లేదు" అన్నాను.

టీవీలో ఆవిడ అప్పటికే క్షమించేసి, అతని చెయ్యి పట్టుకుని పాడుతోంది.