లేడివైనావా, పిట్టవైనావా?

రాజవ్వా, ఎట్లా ఉన్నావు? ఆ మాట అడగడానికైనా నువ్వెక్కడున్నావో తెలియాలి కదా... నువ్వు పోయి వానకాలం, చలికాలం రెండూ గడిచాయి. జగిత్యాల చుట్టూ మోదుగులు పూసి రాలిపోతున్నాయి. నీ రాట్నం మూలకే ఉంది. మగ్గానికి నూలు కండెలు బయట చుట్టించుకుంటున్నాను.

నేను పురాణం చెప్పడం మానేశాను. నవ్వకు. మగ్గం గుంటలో కూర్చుని, అక్షరం అక్షరం కూడబలుక్కుని నేర్చుకున్న చదువు నాది. ఏ పంతులూ పెట్టిన భిక్ష కాదు. అందుకే నలుగురు కనబడితే చాలు, గొంతు చించుకునేవాణ్ణి. "దేవునికి గంత గట్టిగ చెప్పాల్నా? చెవిటోడా ఏంది?" అనేదానివి.

ఆ గొంతుతోనే ఊరూరా గర్జించాను... ప్రాణం పోయే గడియలో మనసు దేన్ని పట్టుకుంటే మరుజన్మ అదే! జింకపిల్లను సాకి, దాని మీది బెంగతో కన్నుమూసిన మహారాజు జింకై పుట్టాడు! తపస్సు చేసినవాడికే తప్పలేదు, నువ్వెంత, నేనెంత? వింటున్న ముసలివాళ్ళు వణికిపోయేవాళ్ళు.

మరి నీ దగ్గరికి వచ్చేసరికి? చెవిలో నోరు పెట్టి, నారాయణా అనమని ఎంత బతిమాలాను... నువ్వు కళ్ళు తెరిచావు. పుట్టింటి దిక్కు చూస్తున్నట్టు చూసి, "లేళ్ళు గడ్డిలకు దిగినయా? నీళ్ళ మీదికి పిట్టలొచ్చినయా?" అన్నావు. అంతే. ఆ పేరు రాలేదు.

శాస్త్రం అబద్ధమైతే నా బతుకంతా అబద్ధం. నిజమైతే నువ్వు ఎక్కడో నాలుగు కాళ్ళ మీదనో, రెక్కల మీదనో తిరుగుతున్నావు. నేను ఏది కోరుకోవాలి రాజవ్వా?

ఉండలేక గోదావరి దాటి పోయాను. మీ పుట్టింటి పక్క అడవినంతా ఇప్పుడు సర్కారు జంతువులకే వదిలేసింది. వేట బంద్. జన్నారం అవతల నడుమెత్తు గడ్డి... అడవిని కాచే జంగ్లాత్ జవాను నన్ను వేటగాడనుకుని సంచి విప్పించాడు. పురాణం తప్ప అందులో ఏముంది? ఎవరి కోసం వచ్చావంటే, నా భార్య కోసం అన్నాను. పాపం, ఎండ తగిలిందనుకున్నాడు. నీళ్ళు తాగించి నీడన కూర్చోబెట్టాడు.

పొద్దు వాలుతుండగా లేళ్ళ మంద గడ్డిలోకి దిగింది. ఆపుకోలేక నీ పేరు పెట్టి పిలిచాను. నా గొంతు సంగతి నీకు తెలుసు కదా... ఒక్కటీ మిగలలేదు. ఒక లేడి మాత్రం పోతూ పోతూ ఆగి వెనక్కి చూసింది. నువ్వేనా? నువ్వైతే మళ్ళీ ఎందుకు పరిగెత్తావు?

మర్నాడు కడెం నీళ్ళ ఒడ్డుకు పోయాను. కొంగలు, బాతులు, నాకు పేర్లు తెలియని పిట్టలు... నువ్వుంటే అన్నిటి పేర్లూ చెప్పేదానివి. ఈసారి అరవలేదు. మోకాలిలోతు బురదలో నిలబడి గుసగుసగా పిలిచాను. ఒక్క పిట్టా తల తిప్పలేదు. ఇంత గుంపులో నిన్నెట్లా పట్టుకోను? పురాణం ఒక్క తలపు గురించే చెప్పింది. పోయేవాళ్ళు ఒక్క ఊపిరిలో రెండింటినీ అడిగితే ఏమవుతారు? తడి చేతులతో పుటలన్నీ తిప్పాను. ఎక్కడా లేదు.

"పుస్తకం పట్టినోనికి పక్కనున్న మనిషి కానరాదు" అనేదానివి. మూసేశాను. ఒడ్డున కూలబడి ఏడ్చాను... ఏడ్చి ఏడ్చి, కదలకుండా పడి ఉన్నాను.

అప్పుడు లేళ్ళు నీళ్ళకు వచ్చాయి. నీళ్ళు వెనక్కి తగ్గిన చోట మొలిచిన పచ్చగడ్డి మీదుగా, పిట్టల నడుమ నుంచి నడుచుకుంటూ వచ్చి తాగాయి. పిట్టలు లేవలేదు. లేళ్ళు బెదరలేదు. నేనున్నానని ఎవరూ పట్టించుకోలేదు.

రాజవ్వా, నాకూ ఆ గడియ వస్తుంది. నా చెవిలోనూ ఎవరో ఒకరు నారాయణా అనమంటారు. అనను! లోకాన్నంతా బెదిరించిన ఈ నోటితోనే చెబుతున్నాను, అనను. దేవుడు కోపగిస్తే కోపగించనీ. గడ్డీ నీళ్ళూ కలిసే ఆ ఒడ్డునే తలుచుకుంటూ పోతాను. లేడివైనా, పిట్టవైనా, దాహం వేస్తే నువ్వు అక్కడికి రాక తప్పదు కదా?

పేరు పెట్టి పిలవను. చప్పుడు చేయకుండా వచ్చి నీ పక్కన నీళ్ళు తాగుతాను. బెదిరిపోకు...

నీ మల్లేశం