రెండు పిటిషన్లు, ఒక ఇప్పచెట్టు

చర్ల మండలానికి చెందిన ఇర్పా నాగమణి అనే నేను, అంగన్‌వాడీ టీచరును, వయసు ఇరవై ఎనిమిది, ఎవరి బలవంతమూ లేకుండా నా చేతితో రాస్తున్న వీలునామా ఇది. ఎల్లుండి నాకు ఆపరేషన్. జబ్బు గుండెకే, బుద్ధికి ఏ లోపమూ లేదని డాక్టరు రాసిచ్చారు. మా ఇంట్లో ఇంతవరకు అందరూ వేలిముద్రలే వేశారు.

1. ఉద్యోగం కోసం చర్లలో ఉందామని నేనన్నాను. అడవిలో పోడు సాగు వదిలి రానని నా భర్త తెల్లం చిరంజీవి అన్నాడు. ఊరి పెద్దల్లో తేల్చుకుందామని ఆయనంటే, చదువుకున్నదాన్ని గనక నేను కోర్టును నమ్మాను. ఆయనను కాపురానికి రప్పించమని ఫ్యామిలీ కోర్టులో వేసిన నా పిటిషన్‌ను వెనక్కి తీసుకుంటున్నాను. నా తదనంతరం, మా పాప వెన్నెలను అప్పగించమని ఆయన వేసిన పిటిషన్‌ మీద నా తరఫున ఎవరూ కొట్లాడకూడదు. ఈ వీలునామాను నా వకీలు క్రిస్టోఫర్ గారు అమలు చేయాలి.

2. వెన్నెల తండ్రి దగ్గరే పెరగాలి. మా అన్న రవీందర్ నా బదులు కేసులో చేరకూడదు. "వాడు కోర్టు మెట్లెక్కి అరిగిపోవాలె, అప్పుడిద్దాం పిల్లను" అంటాడు. అన్నా, అరిగింది నీ చెల్లెలే. నా స్కూటీ నీకిస్తున్నాను. కోర్టుకు తప్ప ఎక్కడికైనా వెళ్లు.

3. కొండ కింది ఇప్పచెట్టు మా వంతుది. దాని పువ్వు వేరే ఇంటివాళ్లు ఏరరు. పువ్వు రాలకముందే కింది ఆకులు ఊడ్చి ఉంచాలి. మేం విడిపోయాక కూడా, ఏటా నేను వెళ్లేసరికి నేల శుభ్రంగా ఉండేది. మా అమ్మ జంపక్క నవ్వేది: "కోర్టులనేమో మొహం తిప్పుకుంటడు, ఈడికొచ్చి ఊడ్చి పోతడు. గిదేం కేసు బిడ్డా?" మాట్లాడుకుంటే కేసు చెడుతుందని వకీళ్లు చెప్పారు. అందుకే ఆయనను అడగలేదు. పువ్వు ఏరుతూ దారివైపు చూసేదాన్ని. ఆ వంతు ఆయనకూ వెన్నెలకూ.

4. నా ఉన్ని శాలువా అమ్మకు. నా పదో తరగతి సర్టిఫికెట్ వెన్నెలకు. పాప ఎవరిదైనా చెవి పట్టుకుంటే గాని నిద్రపోదు. వాళ్ల నాన్నకు ఈ సంగతి తెలియదు, చెప్పండి.

5. చిరంజీవికి నోటీసు పంపవద్దు. మూడేళ్లుగా నా మాటలన్నీ ఆయనకు రిజిస్టర్ పోస్టులోనే వెళ్లాయి. ఈసారి మనిషి వెళ్లి, పక్కన కూర్చుని చెప్పాలి. నేను బతికి వస్తే పంపకాలన్నీ రద్దు. నా పిటిషన్ మాత్రం మూసే ఉండాలి. అప్పుడు ఆయన ఇంటికి నేనే వెళ్తాను.

ఖమ్మం, 12 ఫిబ్రవరి 2025
(సంతకం) ఇర్పా నాగమణి

సాక్షులు:
విశ్రాంతమ్మ, స్టాఫ్ నర్సు
పగిడయ్య, మా ఊరి పెద్ద