వెదురు చల్లారేదాకా

ఒసే పదాల పుట్టా,

నిఘంటువు ఆఫీసులో కూర్చుని లోకంలో మాటలన్నీ దిద్దే నీకు, వెదురు గొట్టాలకి చిల్లులు పెట్టుకునే నేను ఉత్తరం రాయడమంటే సూర్యుడికి దివిటీ చూపించినట్టే. ఎన్ని తప్పులు కనిపించినా ఎర్ర సిరా బయటికి తియ్యకుండా చదువు. ఈ సంగతి ఇంకెవరికీ చెప్పలేదు. గోడ అవతల కొట్లో తాళాలు బాగుచేసుకునే మా ఆయనకి కూడా. చెప్పినా పెద్ద తేడా ఉండదనుకో, రోజుకి నాలుగు మాటలు, అందులో రెండు 'ఊఁ'లు.

నేను వేణువులు చెయ్యడం మానేస్తున్నాను. ఈ నెలాఖరుకి కుంపటి ఆర్పేస్తాను.

మూడు నెలల్లో పదకొండు వేణువులు తిరిగొచ్చాయే. అంతకుముందు ముప్పై ఏళ్ళలో తిరిగొచ్చినవి రెండు, అందులో ఒకటి కుక్క కొరికింది. ఈ పదకొండింటిదీ ఒకటే జబ్బు, శ్రుతికి వెంట్రుకవాసి కిందికి పలుకుతున్నాయి. సంగీతం మాస్టారు తనది వెనక్కి పంపిస్తూ చీటీ పెట్టారు: "చలికి వెదురు బిగుసుకుందేమోనమ్మా, తీరిక చూసుకుని ఒకసారి చూడు." తిట్టి ఉంటే బాగుండేది. నేరం వెదురు మీదికి నెట్టి నా పరువు కాపాడారు పెద్దాయన. ఆ చీటీ చదివిన రోజు నాకు అన్నం సయించలేదు.

నన్ను లోపల తొలిచేస్తున్నది వేరే ఉంది. చేసిన రోజు అవన్నీ సరిగ్గానే పలికాయి. శ్రుతిపెట్టె పక్కన మోగుతుండగా ఎర్రగా కాలిన చువ్వతో ఒక్కో చిల్లూ పెట్టాను. ప్రతిసారీ కాల్చిన చోట చేత్తో పట్టుకుని, చల్లారిందని తేల్చుకున్నాకే ఊదాను. నా స్వరమూ పెట్టె స్వరమూ కలిసి ఒకటైపోయాకే పక్కన పెట్టాను. మర్నాడు చూస్తే అదే వేణువు, అదే పెట్టె, అదే నేను, స్వరం మాత్రం కింద ఉంటోంది. వెదురు ఒక్క రోజులో మారదు. మారింది నా చెవి. ఒకరోజు ఉంటోంది, ఒకరోజు పోతోంది.

నాన్న అనేవాడు గుర్తుందా? చూపు మందగిస్తే తడుముకుని చెయ్యొచ్చు, చెయ్యి వణికితే కట్టు కట్టుకుని చెయ్యొచ్చు, చెవి పోతే మాత్రం ఆ రోజే కుంపటి ఆర్పెయ్యాలి అని. ఆయన అలాగే ఆర్పాడు, సగం చేసిన వేణువు బల్ల మీద వదిలేసి. నేనింకా వారం రోజులుగా ఆర్పలేక సాకులు వెతుక్కుంటున్నాను.

ఎడమ బొటనవేలి మీద బొబ్బ ఒకటి లేచింది. ఎప్పుడు కాలిందో గుర్తు లేదు. చెవితో పాటు బుద్ధి కూడా సెలవు పుచ్చుకుంటున్నట్టుంది.

నీ గొట్టాలమ్మ

*

పదాల పుట్టా,

నీ జవాబు రాకముందే మళ్ళీ రాస్తున్నాను. చెవుల డాక్టరుకి చూపించుకోమంటావని తెలుసు. వెళ్ళాల్సొచ్చింది ఇంకో డాక్టరు దగ్గరికి.

మొన్న పొద్దున నేను పనిలో ఉండగా మా ఆయన వచ్చి గుమ్మంలో నిలబడ్డారు. "ఏదో మాడుతోంది" అన్నారు. "వెదురండీ, చువ్వ పెడితే మాడక పూస్తుందా" అన్నాను. "వెదురు కాదు" అంటూ గబగబా వచ్చి నా ఎడమ చెయ్యి పట్టుకుని పైకెత్తారు. బల్ల మీద దించిన చువ్వకి ఆ చెయ్యి ఆనుకుని ఉందట. అరచేతి అంచున చర్మం తెల్లగా ముడుచుకుపోయింది. నేనేమో ఆయన మొహంలోకి చూసి నవ్వుతున్నాను. పెళ్ళయిన ఇన్నేళ్ళలో ఆ మనిషి మొహం అలా అవడం ఎప్పుడూ చూడలేదు.

నరాల డాక్టరమ్మ కళ్ళు మూసుకోమని చేతికి రెండు గాజు గొట్టాలు ఆనించింది. "ఏది వేడి, ఏది చల్లన?" అంది. "రెండూ ఒకటే కదండీ" అన్నాను. ఒకదాంట్లో పొగలు కక్కే నీళ్ళు, ఇంకోదాంట్లో మంచు నీళ్ళు. తర్వాత దూదిపోగు తీసి వేళ్ళ మీద రాసింది. అది ఎక్కడెక్కడ తగిలిందో ఒక్కటీ తప్పకుండా చెప్పాను. సూదితో గుచ్చింది, అది మాత్రం తెలియలేదు. భుజాల మీద శాలువా కప్పుకుంటే ఎంత మేర వస్తుందో అంత మేర, రెండు చేతులకీ వేడీ నొప్పీ లేవు. ఎడమ వైపు మరీను. మొహానికి అన్నీ తెలుస్తున్నాయి.

ఆవిడ ఓపిగ్గా బొమ్మ గీసి చెప్పింది. తాకిడి కబురు ఒక దారిలో మెదడుకి పోతుందట, వేడీ నొప్పీ వేరే దారిలో. ఆ రెండో దారి వెన్నుపాము మధ్యలోంచి ఈ పక్కనించి ఆ పక్కకి దాటుతుందట. నాకు సరిగ్గా ఆ దాటే చోటే బోలు పడింది. ఫొటోలో చూపించింది. మెడ నుంచి కిందికి నిలువుగా, సన్నగా, నల్లగా, నీళ్ళు నిండిన గొట్టం. ముప్పై ఏళ్ళు వెదుర్ల లోపలికి ఒంటికన్ను పెట్టి చూసినదాన్ని, నా లోపలి గొట్టం చూడడం అదే మొదలు. భయం తర్వాత వేసింది. ముందు మాత్రం, దీన్ని ఇంత నున్నగా ఎవరు తొలిచారా అనిపించింది.

ఆపరేషను చేసి, కపాలం కింద కాస్త చోటు కల్పించి ఆ నీళ్ళకి దారి ఇస్తుందట. పోయిన వేడి తిరిగి రావడం అనుమానమే అంది. చేయించుకోకపోతే ఇప్పుడున్న తాకిడీ, పట్టూ కూడా ఒక్కొక్కటిగా పోతాయట. మా ఆయన "చేయిద్దాం" అన్నారు. నేను వద్దన్నాను. చెవి పోయినదానికి చేతులెందుకే? ఆర్పబోయే కుంపటి కోసం మెడ కోయించుకోనా? వద్దన్నప్పటి నుంచి ఆయన నాలుగు మాటలూ మూడయ్యాయి.

కాగితం మీద ఆ బోలు పేరు సిరింక్స్ అని రాసింది. మందు సీసా మీది పేరులా ఉంది. ఎక్కడి మాటే అది? నీకు తెలియని మాట ఉండదు కదా.

గొట్టాలమ్మ

*

గొట్టాలమ్మా,

ముందు నిన్ను నాలుగు చీవాట్లు పెట్టాలి. ఒళ్ళు కాలుతుంటే తెలియని మనిషివి నాకు చెవి కథలు రాశావు. మిగతా చీవాట్లు ఎదురుగా కూర్చుని పెడతాను.

ఆ మాట నాకు తెలుసు. ఇరవై ఏళ్ళ కిందట దాని ప్రూఫు దిద్దింది నేనే. మా నిఘంటువులో దానికి ఆరు వరుసలు. ఒక కామా సరిచేసి, చివరి అర్థం ముందు 'వైద్యం' అని గుర్తు పెట్టి తరవాతి మాటకి వెళ్ళిపోయాను. నీ ఉత్తరం చదివి మళ్ళీ ఆ పేజీ తీశాను. ఈసారి ముందుకి కదల్లేకపోయాను.

సిరింక్స్ ఒక అమ్మాయి పేరు. గ్రీకుల పురాణంలో వనదేవత. మేక కాళ్ళున్న అడవిదేవుడు పాన్ ఆమె వెంటపడ్డాడు. పరిగెత్తి పరిగెత్తి ఏటి ఒడ్డున చిక్కుకుపోయింది. ముందు నీళ్ళు, వెనక వాడు. నన్ను దాచెయ్యండని ఏటిలోని అక్కచెల్లెళ్ళని వేడుకుంది. వాడొచ్చి ఆత్రంగా వాటేసుకునేసరికి చేతుల్లో మనిషి లేదు, రెల్లుగడలు ఉన్నాయి. వాటిని అలాగే మొహానికి హత్తుకుని నిట్టూర్చాడట. ఆ ఊపిరి గడల్లోకి పోయి సన్నగా మోగింది. వాడు వాటిని పొడుగూ పొట్టీగా కోసి, మైనంతో అతికించి, ఆ పిల్లనగ్రోవికి ఆమె పేరే పెట్టాడు. అదీ మొదటి అర్థం. నీ వృత్తేనే అది.

అక్కడితో ఆగలేదు. ఈజిప్టు కొండల్లో రాతిని తొలిచిన పొడుగాటి సమాధి సొరంగాలని చూసిన గ్రీకులు వాటినీ ఆ పేరుతోనే పిలిచారు. పక్షి గొంతుకీ అదే పేరు. మనకి గొంతు పైన ఉంటుంది, పక్షికి ఛాతీ లోపల, ఊపిరి గొట్టం రెండుగా చీలే చోట. కొన్ని పక్షులు ఆ రెండు కొమ్మల్లోంచి ఒకేసారి రెండు స్వరాలు పాడతాయట. పొద్దున మా కిటికీ దగ్గర ఒకటి కూస్తుంటే పళ్ళు తోముకోవడం ఆపి నిలబడిపోయాను. సూదిమందు సిరంజి కూడా ఈ మాట చుట్టమే. చిట్టచివర నీ వెన్నుపాములో బోలు. వాడుక చూస్తే, పక్షుల శాస్త్రంలో రోజూ కనిపించే మాట, మీ డాక్టర్ల కాగితాల్లో అప్పుడప్పుడు, కవుల దగ్గర ఎప్పుడో ఒకసారి. నేను ఇన్నాళ్ళూ మాటలకి మనం అర్థాలు ఇస్తున్నామనుకున్నాను. ఒక పారిపోయిన పిల్ల పేరు రెండువేల ఏళ్ళకి పైగా నడిచి నడిచి, వేణువులు చేసే నా స్నేహితురాలి వెన్నులోకి వచ్చి ఆగిందంటే నాకు ఒళ్ళు జలదరిస్తోంది. చేతులు జోడించాలో, ఏడవాలో తెలియడం లేదు.

ఆపరేషను నువ్వు వద్దంటే నేను ఊరుకోను. కానీ నీకు నచ్చజెప్పే మాట ఒక్కటీ ఆ ఆరు వరుసల్లో దొరకలేదు.

నీ పదాల పుట్ట

*

నా బంగారు పుట్టా,

నీ ఉత్తరం కొట్లోనే చదివాను. అప్పుడే మాస్టారి వేణువుకి బదులు ఇంకోటి చేస్తున్నాను, ఇదే ఆఖరిదని. చివరి చిల్లు కాల్చి, అలవాటు కొద్దీ చేత్తో పట్టుకుని, చల్లారిందనుకుని ఊదబోతూ నీ ఉత్తరం విప్పాను. ఆ దేవుడు రెల్లుని మొహానికి హత్తుకున్నాడన్న చోట నాకు దుఃఖం పొంగుకొచ్చింది. ముప్పై ఏళ్ళుగా చేస్తున్నాను కానీ, నేనెప్పుడూ ఒక్క వేణువునీ అలా హత్తుకోలేదే. ఇదెలాగూ ఆఖరిది కదా అని చెంపకి ఆనించుకున్నాను.

చురుక్కుమంది. చెంప కాలింది.

చేతిలో మాత్రం మామూలుగా ఉంది. మళ్ళీ చెంపకి పెట్టాను, మళ్ళీ కాలింది. పిచ్చిదానిలా చేతికీ చెంపకీ మార్చి మార్చి పెట్టుకుంటూ నిలబడ్డాను. అప్పటికి బుర్రకెక్కింది. ఊదే చోటు ఎలాగూ చల్లగానే ఉంటుంది కనక పెదవులకి తెలియదు. కాల్చిన చోటు చల్లారిందో లేదో తేల్చేది ఎడమ అరచెయ్యి. నాన్న నేర్పిన పద్ధతి అది, గడియారం చూడకు, అరచేతిని అడుగు అని. ఆ అరచెయ్యి నెలల తరబడి నాకు అబద్ధం చెబుతోంది. వెదురు లోపల గాలి వేడిగా ఉంటే స్వరం పైకి లేస్తుందని ఈ పని చేసే పిల్లకాయకైనా తెలుసు. నేను వేడి వెదురు ఊది శ్రుతి కలిసిందని మురిసిపోయాను. అది రాత్రికి చల్లారి, మర్నాడు తన నిజం పలికింది.

చెంప ఒప్పుకునేదాకా ఆగి ఊదాను. కిందికి పలికింది. చిల్లు రవ్వంత వెడల్పు చేసి, మళ్ళీ ఆగి, మళ్ళీ ఊదాను. కలిసింది. మర్నాడూ కలిసింది, ఆ మర్నాడూ కలిసింది. మూడు రోజులు ఎవరితోనూ మాట్లాడకుండా దాని చుట్టూ తిరిగాను. నాలుగో రోజు మాస్టారి దగ్గరికి తీసుకెళ్ళాను. ఆయన కళ్ళు మూసుకుని చాలాసేపు వాయించి, "ఇదమ్మా నీ చెయ్యి" అన్నారు.

నా చెవి పోలేదే. ఒక్క రోజు కూడా పోలేదు. వేడి కబురు దాటే దారిలో ఆ అమ్మాయి అడ్డంగా కూర్చుంది, అంతే.

ఇంటికొచ్చి మా ఆయనతో "చేయిద్దాం" అన్నాను. ఆయన చేతిలో తాళం కింద పడింది. వచ్చే సోమవారం ఆపరేషను. చేతుల కోసం మెడ కోయించుకోవడానికి ఇప్పుడు నాకు కారణం ఉంది. భయం కూడా బోలెడంత ఉంది.

గొట్టాలమ్మ

*

పుట్టా,

అక్షరాలు వంకర పోతే నా తప్పు కాదు. మెడకి పట్టీ ఉంది, తల వంచకూడదు, కాగితం గోడకి ఆనించి రాస్తున్నాను. ఆపరేషనయి ఆరు వారాలైంది. ఆస్పత్రికి నువ్వు తెచ్చిన చీవాట్లు అన్నీ జీర్ణమయ్యాయి.

నిన్న రెండో ఫొటో తీశారు. ఆ గొట్టం దారప్పోగంత అయిపోయింది. పూర్తిగా పోలేదు, పోకపోవచ్చునట. తాకిడి నిలబడింది, పట్టు నిలబడింది. మళ్ళీ గాజు గొట్టాలు తెచ్చి "ఏది వేడి?" అని అడిగింది డాక్టరమ్మ. కాస్త ఆశ పడ్డానే, అబద్ధం చెప్పను. రెండూ ఒకటే. ఇక అంతే, ఈ జన్మకి నా చేతులకి వేడి లేదు. దారిలో కాస్త ఏడ్చాను. మా ఆయన రుమాలు ఇచ్చారు, దానికి తాళాల నూనె వాసన.

ఒంటరిగా నిప్పు దగ్గరికి వెళ్ళొద్దని డాక్టరమ్మ ఒట్టు వేయించుకుంది. అందుకని ఇవాళ పొద్దున మా ఆయన తన కొట్టు మూసి నా కొట్లో కూర్చున్నారు. చువ్వ ఆయనే తీసి అందించారు. నేను నిలబడి మొదటి చిల్లు కాల్చి వేణువు ఆయన చేతికిచ్చాను. సప్తస్వరాల్లో ఏది సా, ఏది పా అంటే తడుముకునే మనిషి, గుడ్డు పట్టుకున్నట్టు పట్టుకున్నారు.

"చల్లారిందా?" అన్నాను.

"లేదు" అన్నారు.

కాసేపాగి మళ్ళీ అడిగాను. లేదన్నారు. ఆ చేతి వైపు చూస్తుంటే నాకు అసూయ వేసింది. "ఏవండీ, వేడిగా ఉండడమంటే ఎలా ఉంటుందో చెప్పండి. నేను మర్చిపోతున్నాను" అన్నాను.

ఆయన వేణువు చుట్టూ వేళ్ళు ఇంకాస్త దగ్గరికి చేర్చారు. తర్వాత మొదలుపెట్టారు. "ముందు గుచ్చుతుంది. ఎండలో పడున్న తాళంచెవి తీసినట్టు. తర్వాత గుచ్చడం మానేసి లోపలికి పాకుతుంది, వేళ్ళ సందుల్లోకి, మణికట్టు దాకా. నీకు జ్వరం వచ్చినప్పుడు నీ నుదురు ఇలాగే ఉంటుంది, చెయ్యి తియ్యబుద్ధి కాదు. ఇప్పుడు కాస్త తగ్గింది. ఇప్పుడు పొద్దున పక్క మీంచి నువ్వు లేచి వెళ్ళాక దుప్పటి ఎలా ఉంటుందో అలా ఉంది. ఇంకాస్త తగ్గింది. ఇప్పుడిక ఇది ఏదో, నా చెయ్యి ఏదో తెలియడం లేదు."

అన్ని మాటలు ఆయన దగ్గర ఉన్నాయని నాకు తెలియదే. నేను గోడకి ఆనుకుని, కదిలితే ఆపేస్తారేమోనని ఊపిరి బిగబట్టి విన్నాను. ఆయన చెప్పడం ముగిసేసరికి వెదురు చల్లారింది.

నీ గొట్టాలమ్మ