కుడి సగం గీస్తున్న చెయ్యి

బెంగుళూరు,
ఆదివారం.

చెల్లెలు మాణిక్యానికి అన్న వెంకన్న దీవెనలు. నేను ఇక్కడ బాగానే ఉన్నాను. నీ మోకాళ్ళు ఎలా ఉన్నాయి? మరదలు సత్యవతి వేళకి తింటోందా? పెదపాడులో పిన్నికి కంటి ఆపరేషన్ అయిందా, ఇంకా రేపు మాపు అంటున్నారా? అందరి సంగతీ రాయి. నా గురించి బెంగ పెట్టుకోకు, నాకు ఏ లోటూ లేదు.

అక్షరాలు వంకరగా ఉన్నాయని నవ్వకు. మూడో తరగతిలోనే మగ్గం ఎక్కించారు నన్ను. ఈ ఉత్తరం రాయడానికి నాలుగు రోజులు పట్టింది. ఫోను చేయొచ్చు కదా అంటావు. నీకు వినపడదు. వినపడదని ఒప్పుకోవు. నేను ఇక్కడ అరిస్తే చుట్టుపక్కల గదులవాళ్ళంతా వింటారు. ఇది అరిచి చెప్పే సంగతి కాదు. తలుపు వేసుకుని ముందు నువ్వు చదువుకో. ఆ తర్వాత సత్యవతిని కూర్చోబెట్టి చదివి వినిపించు. ఒక్క మాట కూడా దాచకు. ఆ పని నేను చాలా ఏళ్ళు చేశాను.

నేను వచ్చి నాలుగు నెలలు దాటింది. బొమ్మలు నేర్పే కాలేజీలో ఒక గదిలో మగ్గం వేశారు. దాని ముందు కూర్చుని తివాచీ ముడి ఎలా వేస్తారో చూపించడం నా పని. ఏలూరులో అరవై ఏళ్ళు నేస్తే ఒక్కడూ నిలబడి చూడలేదు. ఇక్కడ ఒక ముడి వేస్తే పదిమంది ఫోటో తీస్తారు. డెబ్బై ఒకటో ఏట సార్ అనిపించుకుంటున్నాను. మీకు అక్కడ చెమటలు కారే రోజుల్లో నేను ఇక్కడ స్వెట్టరు వేసుకుని తిరుగుతున్నాను. అన్నానికి లోటు లేదు కానీ సాంబారులో బెల్లం వేస్తారు. చేపలు తెచ్చుకుని వండుకున్నాను ఒకసారి. ఐసులో పడుకుని పడుకుని వాటికి రుచి చచ్చిపోయింది. ఎండు చేపలు పంపుతానన్నావు, పంపకు, వాసనకి పక్క గదివాళ్ళు గోల పెడతారు. చింతకాయ పచ్చడి ఉంటే పంపు. ఉదయం అంతా బాగానే గడుస్తుంది. సాయంత్రం కాలేజీ మూశాక పోట్లాడటానికి కూడా మనిషి ఉండడు. అంతే తప్ప నాకు ఏ లోటూ లేదు.

నన్ను ఇక్కడికి పిలిపించిన వసంతగారి గురించి చెప్పాను కదా. ఈ కాలేజీలో పాఠాలు చెబుతుంది. తాడేపల్లిగూడెం పిల్ల. పిల్ల అంటే నలభై దాటింది. ఆవిడ ప్రతి బుధవారం మధ్యాహ్నం మూడింటికి కంప్యూటరు ముందు కూర్చుంటుంది. వైజాగులో ఒకాయన, మదురైలో ఒకావిడ, ఇంకా ఎక్కడెక్కడివాళ్ళో బొమ్మలు వేసేవాళ్ళు ఎవరిళ్ళల్లో వాళ్ళు అదే వేళకి కూర్చుంటారు. అందరి ముందూ ఒకటే కాగితం ఉంటుంది. ఒకరు గీసింది మిగతావాళ్ళకి ఆ క్షణంలోనే కనపడుతుంది. ఒక్కో మనిషికి ఒక్కో చిన్న బాణం గుర్తు, దాని పక్కన పేరు. మనుషులు కనపడరు. బాణాలు తిరుగుతూ ఉంటాయి.

"బాబాయిగారండీ, ఈ బుధవారం మీరూ కూర్చోండి," అంది.

"నాకు బొమ్మలు రావమ్మా. వచ్చింది ముడి ఒక్కటే."

"అందుకేనండీ అడుగుతున్నాను. గళ్ళ కాగితం పెడతాను. ఒక గడి ఒక ముడి అనుకోండి. మన ఏలూరు తివాచీ పువ్వు ఎడమ సగం మీరు నింపండి. కుడి సగం మిషను తిప్పి పెట్టేస్తుంది."

"మిషను తిప్పితే అది తివాచీ అవ్వదమ్మా, అద్దం అవుతుంది," అన్నాను. ఆవిడ నవ్వి కుర్చీ లాగింది. కూర్చున్నాను.

పెన్నులాంటి కడ్డీ ఒకటి చేతికి ఇచ్చారు. తాకితే గడి నిండుతుంది. అంచుకి నాలుగు ఎరుపు, తర్వాత ఆకు, తర్వాత కాడ, అలా పోయి నడిమి ముడి వేసి ఆగాను. నేను ఆగగానే కుడి పక్క గడులు నిండటం మొదలయ్యాయి. ఒక్కసారిగా కాదు. ఒకటి, ఒకటి, ఒకటి.

"మిషను నెమ్మదిగా తిప్పుతోందే," అన్నాను.

వసంతగారు తెర దగ్గరికి వంగింది. "నేను ఇంకా ఏమీ నొక్కలేదండీ."

చూస్తే కుడి పక్క ఒక బాణం ఉంది. దానికి పేరు లేదు.

వరస అయ్యాక ఆ బాణం ఆగింది. నేను రెండో వరస ఎత్తుకుంటే తనూ ఎత్తుకుంది. టీ వచ్చిందని కడ్డీ కింద పెడితే అదీ ఉన్నచోట నిలబడింది. మళ్ళీ కడ్డీ పట్టుకుంటే కదిలింది. మగ్గం మీద ఇద్దరు కూర్చున్నప్పుడు ఇదే పద్ధతి. ముందు అయినవాడు రెండోవాడి కోసం ఆగాలి. ఇద్దరిదీ అయ్యాక అడ్డపోగు వేసి ఇనప దువ్వెనతో కొట్టాలి. ఈ పద్ధతి తెర మీద బొమ్మలు వేసేవాళ్ళకి ఎలా తెలుస్తుంది? వసంతగారు మైకులో అందర్నీ అడిగింది. కుడి పక్కకి ఎవరూ వెళ్ళలేదన్నారు. ఆ రోజు కూర్చున్నది ఎనిమిదిమంది. బాణాలు తొమ్మిది. వరస అయినప్పుడల్లా స్పీకరులో టక్ టక్ అని రెండు దెబ్బలు వినపడ్డాయి. "ఎవరింట్లోనో మేకులు కొడుతున్నట్టున్నారండీ," అంది వసంతగారు.

ఇక్కడ జాగ్రత్తగా చదువు. నువ్వు మగ్గం ఎక్కలేదు కాబట్టి విడమరిచి రాస్తున్నాను. గళ్ళ కాగితం మీద బొమ్మ సగమే ఉంటుంది. ఎడమవాడు దాన్ని ఉన్నది ఉన్నట్టు వేస్తాడు. కుడివాడు మనసులో తిప్పుకుని వేయాలి. నడిమి ముడి ఎడమవాడిది. కుడివాడు దాని తర్వాత నుంచి ఎత్తుకోవాలి. మన తమ్ముడు భద్రం ఎప్పుడూ నా కుడి పక్కనే కూర్చునేవాడు. నడిమి ముడిని తన లెక్కలో కూడా వేసుకునేవాడు. అది రెండుసార్లు పడేది. బొమ్మంతా ఒక ముడి కుడికి జరిగి, చివర చోటు చాలక అంచుకి నాలుగు పడాల్సినచోట మూడే పడేవి. ఎన్నిసార్లు చెప్పానో. వాడు వినేవాడు, వాడి చెయ్యి వినేది కాదు.

తెర మీద కుడి అంచు లెక్కపెట్టాను. మూడు. కింది వరసా మూడే. వేసిన వరసలన్నీ ఒక్కొక్కటీ వేలు పెట్టి లెక్కపెట్టాను. అన్నీ మూడే. స్వెట్టరులో ఉండి కూడా నాకు చలి పుట్టింది.

వసంతగారికి అంతా చెప్పాను. ఆవిడ, "మీ తమ్ముడుగారి దగ్గర పని నేర్చుకున్నవాళ్ళెవరైనా కావచ్చు కదండీ," అంది.

"పని నేర్పిస్తారు కానీ తప్పు ఎవరూ నేర్పించరమ్మా," అన్నాను.

"పోనీ పేరు లేనివాళ్ళు రాకుండా తాళం పెట్టేయనాండీ?"

వద్దన్నాను.

రెండో బుధవారం మళ్ళీ వచ్చాడు. చూశావా, వచ్చాడు అని రాశాను. కొట్టేయను, అలాగే ఉండనీ. నాలుగు వరసలు వేశాం. నాలుగింటికీ అంచు మూడే. వసంతగారు మైకు నా ముందుకి జరిపి, "మీ గొంతు అక్కడికి వినపడుతుందండీ. అడిగి చూడండి," అంది. పేరు పెట్టి పిలుద్దామని నోరు తెరిచాను. వచ్చిన మాట వేరు.

"లెక్క రానివాడివి, మగ్గం దిగు," అన్నాను.

తెర మీద అందరి బాణాలూ ఆగిపోయాయి. పేరు లేని బాణం ఒక గడి మీద అలాగే వణికింది. తర్వాత లేదు. వరస సగంలో ఉండిపోయింది.

మాణిక్యం, ఆ మాట నేను అంతకు ముందు ఒక్కసారే అన్నాను. పద్దెనిమిదేళ్ళ కిందట, అంచు పల్చబడిందని షావుకారు తివాచీ తిప్పి పంపిన రోజు, నలుగురూ వింటుండగా అన్నాను. భద్రం చేతులకున్న ఉన్ని దులుపుకుని మగ్గం దిగాడు. ఆ దిగడం దిగడం కొల్లేట్లో అమ్మ పుట్టింటికి పోయాడు. అవి వానలు. మూడో రోజుకి వాడు ఎక్కిన తాటి దోనె గుర్రపుడెక్కలో చిక్కుకుని దొరికింది. మనిషి దొరకలేదు. మేనమామల్ని చూసొస్తానని సరదాగా సెలవు అడిగి వెళ్ళాడని సత్యవతికి చెప్పాను. నీకూ అదే చెప్పాను. అది అబద్ధం. వాణ్ణి పొమ్మంది నేను.

భీమడోలు స్టేషన్లో అలాంటి మనిషిని చూశామని ఎవరో అంటే సత్యవతి వెళ్ళి రెండు రోజులు బెంచీ మీద కూర్చుంది. నువ్వే వెళ్ళి తీసుకొచ్చావు. పన్నెండేళ్ళు అయ్యాక దర్భలతో మనిషిని చేయించి, కాల్పించి, కర్మ జరిపించింది నేను. సత్యవతి వద్దంది. "బావగారండీ, ఆయన పోయినట్టు నాకు అనిపించట్లేదండి. ఇంకొన్నాళ్ళు ఆగండి," అంది. వాకిట్లో నిలబడి అంది, నువ్వూ విన్నావు.

"నీకు అనిపించేదేంటి, శాస్త్రం ఉంది," అన్నాను. బొట్టు తీయించాను.

శాస్త్రం కోసం చేయలేదు. వాడు పోయాడని తేల్చేస్తే, నేను పొమ్మన్న మాట కూడా వాడితోనే పోతుందనుకున్నాను. పోలేదు. ఏటా నా చేత్తో వాడికి పిండం పెడుతున్నాను, ఏటా ఆ మాట అక్కడే కూర్చుని ఉంటోంది.

ఆ తర్వాత రెండు బుధవారాలు బాణం రాలేదు. నేను వెళ్ళి కూర్చోవడం, ఎడమ సగం వేయడం, ఆగడం. కుడి పక్కంతా తెల్లగా ఉండేది. మిగతావాళ్ళు పైన చెట్లూ పక్షులూ ఏవో వేసుకుంటున్నారు, మా పువ్వు దగ్గరికి ఎవరూ రాలేదు. "నేను తిప్పి పెట్టేయనాండీ?" అని వసంతగారు అడిగింది. ముట్టుకోవద్దన్నాను. కసిరినట్టు ఉన్నాను, ఆవిడ మళ్ళీ అడగలేదు.

అలా తెల్లటి గళ్ళ వంక చూస్తుంటే నాకు ఒకటి తోచింది. నేను ఒక ముడి ముందే ఆగితే సరిపోయేది. అప్పుడు వాడు అదనంగా వేసే ముడి సరిగ్గా నడుమ పడుతుంది. అంచు నిండుగా నాలుగు వస్తుంది. తివాచీకి ఏ తప్పూ ఉండదు. నడిమి ముడి వాడికి వదిలేస్తే చాలు. ఇద్దరం ఇన్నేళ్ళు పక్కపక్కన కూర్చున్నాం, ఈ ఉపాయం నాకు ఒక్కనాడు తోచలేదు. తోచినా నేను వదిలేవాణ్ణి కాదు. అది నాది కదా.

మొన్న బుధవారం కొత్త వరస ఎత్తుకున్నాను. నడిమి గడి దాకా వచ్చి, దాన్ని వేయకుండా కడ్డీ పైకి ఎత్తాను. ఏమీ అనలేదు. వసంతగారు కూడా తెర వంకే చూస్తోంది.

బాణం వచ్చింది. వచ్చి నా బాణం పక్కన నిలబడింది. నడిమి గడి మీదకి జరిగి అక్కడ చాలాసేపు ఉంది. వేస్తాడనుకున్నాను. వేయలేదు. దాన్ని దాటి అవతలి గడి నుంచి ఎత్తుకున్నాడు. చివరిదాకా పోయాక అంచు లెక్కపెట్టాను. నాలుగు.

తర్వాతి వరసా నేను వదిలాను. వాడూ వదిలాడు. ఆ మధ్యాహ్నం వేసిన వరసలన్నిటికీ రెండు అంచులూ నాలుగేసి ముడులతో నిండుగా ఉన్నాయి. పువ్వు నడుమ మాత్రం పైనుంచి కిందికి తెల్ల గీత మిగిలింది.

"అది ఎవరు నింపాలండీ, బాబాయిగారూ?" అని వసంతగారు అడిగింది. గొంతు తగ్గించి అడిగింది, తెర అవతల ఎవరో పడుకున్నట్టు.

నాది కాదన్నాను.

భద్రం బతికి ఉన్నాడని నేను రాయడం లేదు. పోయినవాడు వచ్చాడనీ రాయడం లేదు. ఎక్కడో ఏ ఊళ్ళోనో కూర్చుని గీస్తున్నాడో, అసలు ఏ ఊళ్ళోనూ లేడో నాకు తెలియదు. నాకు తెలియదు అనే మాట నా నోట నువ్వు ఎప్పుడూ విని ఉండవు. రాసి పంపుతున్నాను, దాచుకో.

వచ్చే నెల అమావాస్యకి వాడి తద్దినం. బతికున్నవాడికి పిండం పెట్టడం ఎంత పాపమో, పోయినవాడికి మానేయడమూ అంతే పాపం. ఆ రెండింట్లో ఏదైనా నా నెత్తి మీదే ఉండనీ. కానీ ఏది చేయాలో ఈసారి నేను చెప్పను. సత్యవతిని అడుగు. పెట్టమంటే రైలెక్కి వచ్చి పెడతాను. వద్దంటే ఈ జన్మకి మళ్ళీ పెట్టను, పురోహితుడు అడిగితే నా పేరు చెప్పండి. నేను చేసింది విన్నాక నా మొహం చూడనంటే అదీ న్యాయమే, నచ్చజెప్పకు. మళ్ళీ బొట్టు పెట్టుకుంటానంటే మాత్రం వీధిలో ఎవరూ నోరెత్తకుండా నువ్వు పక్కన నిలబడు. తన జవాబు చిన్నదే అవుతుంది కాబట్టి ఫోనులో చెప్పొచ్చు. తొందరపెట్టవద్దు.

పెదపాడు వెళ్ళినప్పుడు పిన్ని పాదాలకి నా దండాలు చెప్పి, నా తరఫున నువ్వు దీవెన తీసుకో. ఈ సంగతి ఆవిడకి చెప్పకు, ఆ వయసులో తట్టుకోలేదు. మోకాళ్ళకి ఆముదం రాసుకుంటున్నావా లేదా? నేను వేళకి తింటున్నాను, వేళకి పడుకుంటున్నాను. నిజంగానే నాకు ఏ లోటూ లేదు.

బుధవారం మూడింటికి వెళ్ళి కూర్చుంటాను. సత్యవతి మాట వచ్చేదాకా నడిమి గడి నేను ముట్టను. వాడూ ముట్టడు.

మీ అందరి క్షేమం కోరే
నీ పెద్దన్న
వెంకన్న