ఖాళీ గదిలో అన్నయ్య

వదినా, నేను కులాసాగానే ఉన్నాను. మీరే నా దగ్గర ఏదో దాస్తున్నారు.

మనుషుల్లేని గదుల మీద సినిమా తీస్తున్నానుగా, మీ ముందుగదిలో కెమెరా వదిలేసి వెళ్ళిన రోజుది ఇప్పుడు ఎడిటింగ్‌లో చూశాను. మనిషి కనిపిస్తే ఆ ముక్క కోసేస్తాను. కానీ అన్నయ్య పట్టపగలు గోడంతా తడిమి, కళ్ళెదుట మేకుకున్న, తను రోజూ నడిపే బస్సు తాళాలు పట్టుకున్నాడు. అది కొయ్యడానికి చెయ్యి రాలేదు. ఫోన్లో అడిగితే "నా కళ్ళకేం, దివ్యంగా ఉన్నాయి" అన్నాడు. వెనక నువ్వు దగ్గావు. అందుకే ఈ కార్డు.

నా ట్రైపాడ్ మీద తువ్వాళ్ళు ఆరేయకు. చంటిదానికి జ్వరం తగ్గిందా? పిల్లలకు ముద్దులు.

ఇది నువ్వు చదివి వినిపించకు, అన్నయ్య చేతికే ఇయ్యి. చదివి నన్ను నాలుగు తిడితే సంతోషం. "తర్వాత చూస్తాలే" అని పక్కన పెడితే మాత్రం, ఆ తాళాలు నువ్వే దాచెయ్యి.

నీ ఆడపడుచు