ఇటలీలో మిగిలిపోయిన చిన్నతాత

ఆదివారం, శాన్ రామన్

ఇటలీ ట్రిప్‌లో ఒక్క పూట యుద్ధ సమాధుల దగ్గర ఆగుదామన్నానని ఇంట్లో ఎంత రాద్ధాంతం! మా తాతయ్య తమ్ముడు రెండో ప్రపంచ యుద్ధంలో సిపాయిగా వెళ్లి అక్కడే పోయాడు. మా పుట్టింటినుంచి ఇన్నేళ్లలో ఒక్కరూ వెళ్లి ఆయన పేరున్న రాయి చూడలేదు.

"శ్మశానానికి వెళ్తే తలస్నానం చెయ్యొద్దూ? ఆ టూర్ బస్సులో ఎక్కడ చేస్తావమ్మా?" అన్నారు అత్తయ్య.

"అమ్మ చెప్పేది లాజికల్‌గానే ఉంది. హోటల్ చెకిన్ సాయంత్రం కదా. స్కిప్ చేసేద్దాం," అన్నాడు మా ఆయన, ఫోన్‌లోంచి తలెత్తకుండా.

వంగిన టవర్‌ని చేత్తో ఆపుతున్నట్టు ఫొటో దిగడానికి మాత్రం సగం రోజు ఉంది! విసుగొచ్చి లేచి వచ్చేశాను.

నా స్నానం గురించి అందరికీ ఇంత బెంగ. పెళ్లైనా కాని కుర్రాడు, ఆ పరాయి నేల మీద... ఆయనకు చివరి స్నానం ఎవరు చేయించారో ఒక్కరూ అడగలేదు.