నూర్‌కబ్త ఇంటి గోడ

తమ్ముడూ ఇల్షుబానీ,

షమష్ దేవుడు నిన్ను చల్లగా చూడాలి. నేను చెబుతుంటే లేఖరి ఈ మట్టిపలక మీద రాస్తున్నాడు.

నిన్న మన సిప్పరు ఊరి గుడిలో రాజుగారు నిలబెట్టించిన చట్టాల రాయిని చూడబోయాను. పూజారి పైకి చదువుతుంటే, పక్కింటి తరిబాతుమ్ నన్ను మోచేత్తో పొడిచి, “ఇదిగో, మీ తమ్ముడిలాంటి మేస్త్రీల సంగతొచ్చింది, బాగా విను!” అంది. ఇద్దరం నవ్వుకున్నాం. అంతలో పూజారి ఆ చట్టం చదివాడు: ఇల్లు కూలి ఇంటాయన కొడుకు చచ్చిపోతే, కట్టిన మేస్త్రీ కొడుకును చంపాలట.

నువ్వు కట్టిన నూర్‌కబ్త ఇంటి గోడ ఉబ్బిందనీ, పైపైన మట్టి మెత్తి వచ్చాననీ పోయిన నెల నువ్వే రాశావు. ఆ గోడ పక్కనే వాళ్ల పిల్లలు పడుకుంటారు కదరా! నీకు పిల్లల్లేరని నా కడుపున పుట్టినవాణ్ణి నీకు పెంపకానికిచ్చాను. ఆ రాయి లెక్కన ఇప్పుడు వాడే మేస్త్రీ కొడుకు.

“ఇచ్చిన బిడ్డను వెనక్కి తెచ్చుకోవచ్చా అయ్యా?” అని పూజారిని అడిగాను.

“పెంచుకున్నవాడు తన పని నేర్పకపోతే తెచ్చుకోవచ్చమ్మా. నేర్పాడంటే ఇక వాడు అతని కొడుకే” అన్నాడు.

ముందు ఆ గోడ పడగొట్టి, నీ ఖర్చుతో మళ్లీ కట్టు.

వాణ్ణి పంపిన రోజున నీ గడ్డం పట్టుకుని, “వీడికి తొందరగా తాపీ పట్టడం నేర్పరా” అని బతిమాలాను. నా మాట ఏనాడూ వినవు కదా, ఇదీ వినలేదని చెప్పరా.

మీ అక్క